డయాగ్రమ్‌లో దారి తప్పితే మత్తడి వెంట నడువు

ప్రశ్న: అక్కా, నమస్తే. మాది హన్మకొండ. కాకతీయ యూనివర్సిటీల ఎంసీఏ చేసిన. నాలుగు నెలల కింద ఇక్కడే ఒక చిన్న సాఫ్ట్‌వేర్ కంపెనీల చేరిన. వ్యవసాయ మార్కెట్ల లావాదేవీల సాఫ్ట్‌వేర్ మాది. ఎస్‌క్యూఎల్ సర్వర్, ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్ 6 వాడుతం. విజువల్ స్టూడియోలో ఈడీఎంఎక్స్ ఫైల్ (డేటాబేస్ మోడల్‌ను బొమ్మగా చూపే ఫైల్) తెరిస్తే 340 టేబుళ్లు ఒకే డయాగ్రమ్‌ల వస్తయి. జూమ్ తగ్గిస్తే చీమల బారు లెక్క కనపడుతది, పెంచితే ఒక్కటే డబ్బా కనపడుతది. ఒక గీత పట్టుకొని స్క్రోల్ చేస్తూ పోతే మధ్యలోనే తప్పిపోతున్న. ఒకరోజు మొత్తం ప్రింట్ తీసి, ఏ4 కాగితాలు అతికించి ఇంట్ల గోడకు పెట్టిన. అమ్మ చూసి “ఇదేం ముగ్గు బిడ్డా” అన్నది. టీమ్ లీడ్‌ను అడిగితే “డయాగ్రమ్ చూడు, అన్నీ అందులనే ఉన్నయి” అంటడు. ఇప్పుడు నాకు ఒక బగ్ ఇచ్చిన్రు. కొంతమంది రైతుల తక్‌పట్టీల (సరుకు అమ్మినాక రైతుకిచ్చే లెక్క చీటీ) హమాలీ కోత రెండింతలు పడుతున్నది. పది రోజులైంది, ఎక్కడ చూడాల్నో తెలుస్తలేదు. నాకు ఈ పని రాదేమో, మానేసి బ్యాంకు పరీక్షలకు చదువుకోవాల్నా అనిపిస్తున్నది. ఏం చెయ్యాలె?

జవాబు:

చెల్లె, నీ ఉత్తరంలో నన్ను పట్టి ఆపింది “మధ్యలోనే తప్పిపోతున్న” అన్న మాట. ఇరవై ఏళ్లకు పైగా డేటాబేస్‌ల మధ్యనే బతుకుతున్న నేను కూడా 340 టేబుళ్ల డయాగ్రమ్‌లో గీత పట్టుకొని స్క్రోల్ చేస్తే తప్పిపోతాను. మీ లీడ్ కూడా తప్పిపోతాడు. ఆయనకు ఆ మోడల్ తెలిసినట్టు కనపడుతుందంటే, ఏళ్ల తరబడి ఒక్కో పని మీద ఒక్కో మూల తిరిగి ముప్పయ్యో నలభయ్యో టేబుళ్ల దారులు కాళ్లకు అలవాటు చేసుకున్నాడు కాబట్టి. మిగతావి ఆయనకు కూడా వెతుక్కోవాల్సినవే. నీకు పని రాకపోవడం ఇక్కడ సమస్య కాదు. నీ చేతికి పటం ఇచ్చారు గాని, దాన్ని ఎట్ల వాడాలో ఎవరూ కూర్చోబెట్టి చెప్పలేదు.

నాకు తెలిసిన పద్ధతి చెప్పే ముందు మా ఊరి సంగతి ఒకటి చెప్పనీ. మాది ములుగు వైపు పల్లె. చిన్నప్పుడు మా ఊరి నీరటి, అంటే చెరువు నీళ్లు చూసుకునే మనిషి, వెనక చెరువు కట్ట మీద తిరిగేదాన్ని. కాకతీయుల కాలం నుంచి మన దగ్గర చెరువులు గొలుసుకట్టుగా ఉన్నాయని నీకు తెలుసు. పై చెరువు నిండి మత్తడి దుంకితే, అంటే అలుగు మీంచి పొర్లితే, ఆ నీళ్లు వాగు పట్టుకొని కింది చెరువుకు వస్తాయి. అది నిండితే దాని కిందిదానికి పోతాయి. 2015లో మిషన్ కాకతీయ మొదలైనప్పుడు తెలంగాణ మొత్తంలో లెక్కకు వచ్చిన చెరువులు 46 వేలకు పైనే. మా నీరటి ఆ చెరువులన్నిటి పటం ఎన్నడూ చూడలేదు. చూసినా ఆయనకు పనికిరాదు. ఆయనకు తెలిసింది మూడే: మా చెరువుకు నీళ్లు ఏ చెరువు మత్తడి నుంచి వస్తాయి, మా మత్తడి నీళ్లు ఎటు పోతాయి, ఏ తూము ఎత్తితే ఏ ఆయకట్టు తడుస్తుంది. మా చెరువులో నీళ్లు తగ్గితే ఆయన పైకి నడిచేవాడు. కింది ఊరి వాళ్లు మొరపెట్టుకుంటే కిందికి నడిచేవాడు. ఎక్కడ నిలబడ్డా ఒక చెరువు పైకి, ఒక చెరువు కిందికి.

డేటాబేస్ మోడల్‌ను చదవడం అచ్చంగా ఇదే. ఫారిన్ కీ, అంటే ఒక టేబుల్ రికార్డును ఇంకో టేబుల్ రికార్డుకు కలిపే కాలమ్; దాని గీత మత్తడి వాగు లాంటిది. నీ చెరువు ఏదో ముందు తేల్చుకో. అక్కడి నుంచి ఒక అడుగు పైకి, ఒక అడుగు కిందికి నడువు. మొత్తం గొలుసును ఒక్క చూపులో పట్టుకోవాలని చూస్తున్నావు కాబట్టే కళ్లు తిరుగుతున్నాయి.

ఇక విజువల్ స్టూడియోలోకి పోదాం. ఈడీఎంఎక్స్ తెరుచుకున్నాక కాన్వాస్ వైపు చూడకు. పక్కన మోడల్ బ్రౌజర్ అనే కిటికీ ఉంటుంది. కనపడకపోతే వ్యూ మెనూలో అదర్ విండోస్ కింద ఎంటిటీ డేటా మోడల్ బ్రౌజర్ అని ఉంటుంది, తెరువు. దాని పైభాగంలోనే వెతుకుడు పెట్టె ఉంది. చాలామంది ఏళ్లకేళ్లు ఈడీఎంఎక్స్ వాడి కూడా ఆ పెట్టెలో ఒక్క అక్షరం టైప్ చెయ్యరు, మౌస్‌తో కాన్వాస్ అంతా ఈదుతుంటారు. నువ్వు టేబుల్ పేరులో తెలిసిన ముక్క టైప్ చెయ్యి. దొరికిన ఎంటిటీ (మోడల్‌లో టేబుల్‌కు ఉండే డబ్బా) మీద కుడి క్లిక్ చేసి డయాగ్రమ్‌లో చూపించమంటే అదే నిన్ను తీసుకపోయి దాని ముందు నిలబెడుతుంది. కాన్వాస్ మీద కదలాలంటే కంట్రోల్ పట్టుకొని మౌస్ చక్రం తిప్పితే జూమ్ మారుతుంది. కుడివైపు అడుగున రెండు స్క్రోల్ బార్లు కలిసే మూల ఒక చిన్న గుర్తు ఉంటుంది. దాన్ని నొక్కి పట్టుకుంటే మొత్తం మోడల్ బొమ్మ చిన్నగా లేస్తుంది, అందులో జరుపుకుంటూ కావలసిన చోటికి పోవచ్చు. ఇవి దారి తప్పినప్పుడు తేలడానికి పనికొస్తాయి. అసలు పని మాత్రం వేరే ఉంది.

అసలు పని నీ సొంత డయాగ్రమ్ చేసుకోవడం. మోడల్ ఒకటే అయినా దాని మీద డయాగ్రమ్‌లు ఎన్నైనా ఉండొచ్చు. విజువల్ స్టూడియో 2012 నుంచి ఈ సౌకర్యం ఉంది. మోడల్ బ్రౌజర్‌లో డయాగ్రమ్స్ అన్న ఫోల్డర్ మీద కుడి క్లిక్ చేసి కొత్త డయాగ్రమ్ తెరువు. ఖాళీ కాన్వాస్ వస్తుంది. నీకు కావలసిన ఒక్క ఎంటిటీని బ్రౌజర్ నుంచి లాక్కొచ్చి అక్కడ వెయ్యి. ఆ డబ్బా మీద కుడి క్లిక్ చేస్తే ఇంక్లూడ్ రిలేటెడ్ అని ఉంటుంది. దాన్ని నొక్కితే దానికి నేరుగా చుట్టమైన ఎంటిటీలు మాత్రం వచ్చి చుట్టూ నిలబడతాయి. ఇదే మా నీరటి ఒక్క అడుగు. ఇంకో అడుగు కావాలంటే వచ్చిన వాటిలో ఒకదాన్ని ఎంచుకొని మళ్లీ అదే చెయ్యి. అన్నిటి మీదా చేసుకుంటూ పోతే మూడు అడుగుల్లో మళ్లీ ఆ చీమల బారు దగ్గరికే చేరుతావు. నా అలవాటు చెప్తున్నా, ఒక డయాగ్రమ్‌లో పది పన్నెండు డబ్బాలు దాటనివ్వను. దాటుతున్నాయంటే నా ప్రశ్న ఇంకా తేటపడలేదని లెక్క.

డయాగ్రమ్‌కు పేరు పెట్టేటప్పుడు నీ ప్రశ్ననే పేరుగా పెట్టు. “మాడ్యూల్ 3” అని పెడితే వారం తర్వాత నీకే అర్థం కాదు. “తక్‌పట్టీలో కోత ఎక్కడి నుంచి వస్తుంది” అని పెడితే ఆరు నెలల తర్వాత వచ్చే కొత్త పిల్లకు కూడా పనికొస్తుంది.

ఇప్పుడు నిన్ను అన్నిటికన్నా ఎక్కువ ఏడిపిస్తున్న దాని గురించి. నీ గోడ మీది కాగితాలకు ఎదురుగా నిలబడి చూడు. గీతలన్నీ గుంపుగా పోయి చేరే డబ్బా ఒకటి ఉంటుంది. యూజర్ టేబుల్ అయ్యుంటుంది. ప్రతి టేబుల్‌లో “ఎవరు సృష్టించారు”, “ఎవరు మార్చారు” అని రెండు కాలమ్‌లు పెట్టి, రెండింటికీ యూజర్ టేబుల్‌కు ఫారిన్ కీ ఇస్తారు. 340 టేబుళ్లకు రెండేసి గీతలంటే 680 గీతలు ఒకే డబ్బాకు పోతాయి. ఆ 680లో ఒక్కటి కూడా మార్కెట్లో జరిగే పని గురించి చెప్పదు. స్టేటస్ టేబుల్, జిల్లాల టేబుల్, యూనిట్ల టేబుల్ కూడా ఇంతే. ఇవి ఊర్లోని మర్రిచెట్టు లాంటివి. ప్రతి బాటా దాని కింది నుంచే పోతుంది గాని, చెట్టు గురించి తెలిసినంత మాత్రాన ఎవరి ఇల్లు ఎక్కడో తెలియదు. అందుకే నీ డయాగ్రమ్‌లోకి ఇంక్లూడ్ రిలేటెడ్‌తో చుట్టాలను పిలిచినప్పుడల్లా ముందు ఈ మర్రిచెట్లను బయటికి పంపు. మిగిలిన నాలుగైదు డబ్బాలే నీ కథ.

మోడల్‌లో ఏవి మర్రిచెట్లో, ఏవి నిజంగా నడుమ నిలబడ్డ పెద్ద చెరువులో కంటితో కాకుండా లెక్కతో తేల్చుకోవచ్చు. ఎస్‌క్యూఎల్ సర్వర్‌లో సిస్ డాట్ ఫారిన్ కీస్ అనే సిస్టమ్ వ్యూ ఉంది. ఒక్కో ఫారిన్ కీకి ఒక్కో రికార్డు ఇస్తుంది. ఏ టేబుల్ వైపు ఎన్ని కీలు చూస్తున్నాయో గ్రూప్ బై చేసి పెద్ద నుంచి చిన్నకు పేర్చు. పైన వచ్చే పదిహేను పేర్లు చదివితే మోడల్ ఎముకల గూడు తెలుస్తుంది. ఒక్కటి జాగ్రత్త. అందులో పేరెంట్ ఆబ్జెక్ట్ ఐడీ అన్న కాలమ్ ఉంటుంది. మనం మామూలుగా తల్లి టేబుల్ అనుకునేది అది కాదు. ఆ కీని తన ఒంటి మీద మోస్తున్న టేబుల్, అంటే మన మాటలో పిల్ల టేబుల్. తల్లి ఉండేది రిఫరెన్స్‌డ్ ఆబ్జెక్ట్ ఐడీలో. ఇది తెలియక తలకిందులుగా చదివి గంటలు పోగొట్టుకున్న వాళ్లను చూశాను.

సరే, నీ తక్‌పట్టీ దగ్గరికి వద్దాం. మీ కోడ్ నా ముందు లేదు. కానీ నువ్వు చెప్పిన లక్షణం వింటుంటే ఒక పాత రోగం గుర్తుకొస్తోంది. కలిసి నడుద్దాం.

ఖాళీ డయాగ్రమ్‌లో తక్‌పట్టీని వెయ్యి. చుట్టాలను పిలువు, మర్రిచెట్లను పంపు. లాట్ (రైతు అమ్మకానికి తెచ్చిన సరుకు) అనే టేబుల్ మిగులుతుంది అనుకుందాం. దానికి ఒక అడుగు వేస్తే కాంటా, కోత అనే రెండు టేబుళ్లు వస్తాయి అనుకుందాం. మీ దగ్గర పేర్లు వేరే ఉండొచ్చు. ఇప్పుడు డబ్బాల్లోకి కాదు, గీతల చివరలు చూడు. ఈడీఎంఎక్స్ డిజైనర్‌లో గీత చివర 1 అనో, 0..1 అనో, చుక్క గుర్తు (*) అనో ఉంటుంది. చుక్క అంటే చాలా. లాట్ నుంచి కాంటాకు పోయే గీత మీద ఇటు 1, అటు చుక్క: ఒక లాట్‌ను ఎన్ని విడతలైనా తూకం వెయ్యొచ్చు. లాట్ నుంచి కోతకు పోయే గీత మీద కూడా ఇటు 1, అటు చుక్క: ఒక లాట్‌కు హమాలీ, దడువాయి (తూకం వేసేవాడు), ఇట్ల ఎన్ని కోతలైనా ఉండొచ్చు. కాంటాకు కోతకు మధ్య మాత్రం గీత లేదు.

ఈ ఆకారం బాగా యాదికుంచుకో. ఒక టేబుల్ నుంచి రెండు పక్కలకు రెండు “చాలా” గీతలు విసనకర్ర రెక్కల్లా విప్పుకొని ఉన్నాయి. డేటాబేస్ వాళ్లు దీన్ని ఫ్యాన్ ట్రాప్ అంటారు. ఒక రైతు 40 బస్తాల మిర్చి తెచ్చాడు. 25 బస్తాలు ఒక విడత, 15 బస్తాలు ఇంకో విడత తూచారు. కాంటాలో రెండు రికార్డులు పడ్డాయి. హమాలీ కోత 400 రూపాయలు, ఒక్క రికార్డు. ఇప్పుడు ఎవరైనా ఒకే క్వెరీలో లాట్‌ను కాంటాతోనూ కోతతోనూ జాయిన్ చేస్తే, 400 ఉన్న ఆ రికార్డు 25 బస్తాల రికార్డు పక్కన ఒకసారి, 15 బస్తాల రికార్డు పక్కన ఇంకోసారి నిలబడుతుంది. సమ్ వేస్తే 800. ఒకే విడతలో తూకం అయిపోయిన రైతుకు లెక్క సరిగ్గానే వస్తుంది. అందుకే “కొంతమందికే” తప్పు పడుతోంది. పది రోజులుగా నువ్వు వెతుకుతున్నది ఈ “కొంతమంది” ఎవరన్నదే అయితే, వాళ్ల లాట్లకు కాంటాలో ఎన్ని రికార్డులు ఉన్నాయో లెక్కపెట్టు. ఒక లాట్‌కు మూడు విడతలుంటే హమాలీ మూడింతలు కనపడాలి. అట్ల కనపడితే రోగం ఇదే.

తక్‌పట్టీకి మొత్తం తూకం లాట్ టేబుల్ నుంచే వస్తుంటే తూకంలో తప్పు కనపడదు, కోతలోనే కనపడుతుంది. మరి కాంటా టేబుల్ ఆ క్వెరీలోకి ఎందుకొచ్చింది అంటే, తూకం వేసిన సమయమో దడువాయి పేరో చీటీ మీద అచ్చు వెయ్యాలని తర్వాతెప్పుడో ఎవరో కలిపి ఉంటారు. సోర్స్ కంట్రోల్‌లో ఆ ఫైల్ చరిత్ర తీస్తే ఆ మార్పు ఎప్పుడు జరిగిందో తెలుస్తుంది.

దిద్దేటప్పుడు మాత్రం డిస్టింక్ట్ (ఒకే తీరు విలువలను ఒక్కసారే లెక్కపెట్టే మాట) పెట్టి చేతులు దులుపుకోకు. చాలామంది చేసే పని అదే, లెక్క సరిపోయినట్టే కనపడుతుంది. కానీ ఒక లాట్‌కు దింపుడు హమాలీ 200, ఎత్తుడు హమాలీ 200 అని రెండు న్యాయమైన కోతలు ఉన్నాయనుకో. సమ్ లోపల డిస్టింక్ట్ పెడితే రెండు 200లను ఒకటే అనుకొని ఒకటి మింగేస్తుంది. అప్పుడు హమాలీల కూలి లెక్క తప్పుతుంది. సరైన పద్ధతి: ముందు కోత టేబుల్‌ను లాట్ వారీగా విడిగా కూడి, ఒక లాట్‌కు ఒకే రికార్డు వచ్చేటట్టు చేసుకొని, ఆ తర్వాత లాట్‌తో కలుపు. విసనకర్ర ఒక రెక్కను ముందే మడిచినట్టు అన్నమాట. దీని వెనక ఒక రైతు ఇంటికి తీసుకపోయే డబ్బు ఉంది. అందుకే ఇంత విడమరిచి చెప్తున్నా.

ఇదంతా తేల్చడానికి 340లో మనం చూసినవి నాలుగు టేబుళ్లు.

ఇంకొక సంగతి. గీత లేనంత మాత్రాన సంబంధం లేదనుకోకు. పాత డేటాబేస్‌లలో ఫారిన్ కీ పెట్టకుండానే ఐడీ కాలమ్‌లు వాడేస్తారు. వేగం పేరుతో తీసేసిన వాళ్లూ ఉన్నారు. మైఎస్‌క్యూఎల్ వైపైతే 5.5 వెర్షన్ రాకముందు డిఫాల్ట్ ఇంజిన్ మైఐసామ్. అది ఫారిన్ కీ రాస్తే తప్పు చూపకుండా చదివి వదిలేసేది, అమలు చేసేది కాదు. అప్పట్లో పుట్టిన డేటాబేస్‌ను బొమ్మగా తీస్తే గీతల్లేని డబ్బాలు చుక్కల్లా చెదిరి ఉంటాయి. అట్లాంటప్పుడు కాలమ్ పేర్లను బట్టి, స్టోర్డ్ ప్రొసీజర్లలోని జాయిన్‌లను బట్టి గీతలు నువ్వే ఊహించాలి. స్కీమాస్పై అనే ఉచిత సాధనం కాలమ్ పేర్లు, రకాలు చూసి ఇట్లాంటి పోలికలు పట్టి చూపిస్తుంది. ప్రతి టేబుల్‌కు ఒక్క అడుగు దూరం, రెండు అడుగుల దూరం ఉన్న చుట్టాలతో విడివిడి బొమ్మలు గీసి వెబ్ పేజీలుగా ఇస్తుంది. మీ లీడ్ ఒప్పుకుంటే ఒకసారి మీ టెస్ట్ డేటాబేస్ మీద నడిపించు. నీకు ఇప్పుడున్న పరిస్థితిలో అది పెద్ద ఆసరా.

యూజర్ టేబుల్ గురించి చెప్పాను కదా, ఇంకో చిక్కు కూడా గమనించు. రెండు టేబుళ్ల మధ్య రెండు ఫారిన్ కీలు ఉంటే ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్ నావిగేషన్ ప్రాపర్టీలకు (కోడ్‌లో ఒక ఎంటిటీ నుంచి ఇంకోదానికి పోయే దారి పేర్లు) యూజర్, యూజర్1 అని అంకెలు తగిలించి పేర్లు పెడుతుంది. యూజర్1 అంటే సృష్టించినవాడా, మార్చినవాడా? పేరు చూస్తే తెలియదు. అసోసియేషన్ గీతను ఎంచుకొని ప్రాపర్టీస్ కిటికీలో చూస్తే ఏ కాలమ్ మీద నిలబడిందో తెలుస్తుంది. పేరు మార్చాలనిపిస్తుంది, కానీ ఆ పేరు కోడ్‌లో ఎన్నిచోట్ల వాడారో చూసుకోకుండా ముట్టుకోకు.

ముట్టుకోవడం అంటే గుర్తొచ్చింది. నేను పనిలో చేరిన కొత్తలో ఒక చోట డయాగ్రమ్ గజిబిజిగా ఉందని, నాకు అక్కరలేని డబ్బాలను ఎంచుకొని డిలీట్ నొక్కుతూ పోయాను. బొమ్మలోంచి పోతున్నాయనుకున్నాను. మోడల్‌లోంచే పోయాయి. మర్నాడు ఇంకొకరి బిల్డ్ విరిగింది. రోజంతా నలుగురం కూర్చొని వెనక్కి తెచ్చుకున్నాం. ఆ రోజు పడ్డ భయం ఇప్పటికీ గుర్తుంది. నీకు అట్ల కావొద్దు. డబ్బా మీద కుడి క్లిక్ చేస్తే రిమూవ్ ఫ్రమ్ డయాగ్రమ్ అని వేరే ఆప్షన్ ఉంటుంది. బొమ్మలోంచి తీసెయ్యాలంటే ఎప్పుడూ అదే. మర్రిచెట్లను బయటికి పంపమన్నది కూడా దానితోనే.

డయాగ్రమ్‌ల బొమ్మ వివరాలు విడి ఫైల్‌లో ఉన్నాయో లేదో కూడా చూడు. ఈడీఎంఎక్స్ పక్కనే డయాగ్రమ్ అనే తోకతో ఇంకో ఫైల్ ఉంటే విడిగా ఉన్నట్టు. లేకపోతే అన్నీ ఒకే ఎక్స్ఎంఎల్‌లో ఉన్నట్టు. అప్పుడు నువ్వు డబ్బాను అంగుళం జరిపినా మోడల్ ఫైలే మారుతుంది, ఇంకొకరి మార్పులతో గుద్దుకుంటుంది. డిజైనర్ ఖాళీ చోట కుడి క్లిక్ చేస్తే డయాగ్రమ్‌లను విడి ఫైల్‌కు మార్చే ఆప్షన్ ఉంది. ఇది టీమ్ మొత్తానికి సంబంధించింది కాబట్టి మీ లీడ్‌తో మాట్లాడి చెయ్యండి. అదే పనిగా ఆ పెద్ద డయాగ్రమ్‌ను కూడా విషయాల వారీగా నాలుగైదు ముక్కలు చేసి, ఎంటిటీలకు రంగులు వేసుకుంటే, అంటే వేలం సంబంధమైనవి ఒక రంగు, చెల్లింపులు ఒక రంగు, అందరికీ మేలు. ఫిల్ కలర్ అని ప్రాపర్టీస్‌లో ఉంటుంది, చాలా డబ్బాలను ఒకేసారి ఎంచుకొని మార్చొచ్చు.

రేపు ఇంకో ప్రాజెక్టులో ఇంకో సాధనం చేతికొస్తుంది. ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్ కోర్‌లోనైతే ఈ ఈడీఎంఎక్స్ అసలే లేదు. ఎస్‌క్యూఎల్ సర్వర్ మేనేజ్‌మెంట్ స్టూడియోలో డేటాబేస్ డయాగ్రమ్స్ అని ఉంటుంది. 2019లో 18.0 వెర్షన్‌లో తీసేసి, జనం అడిగితే 18.1లో మళ్లీ పెట్టారు. అక్కడ యాడ్ రిలేటెడ్ టేబుల్స్ అనేది నీ ఒక్క అడుగు. టేబుల్ వ్యూను నేమ్ ఓన్లీకి మార్చితే డబ్బాలు చిన్నవై చోటు మిగులుతుంది. “చాలా” వైపు అనంతం గుర్తు, “ఒకటి” వైపు తాళం చెవి. మైఎస్‌క్యూఎల్ వర్క్‌బెంచ్‌లో బర్డ్స్ ఐ అని పైనుంచి చూసే చిన్న పటం ఎప్పుడూ పక్కనే ఉంటుంది. క్యాటలాగ్ జాబితాలో పేరు పక్కన చుక్క ఉంటే ఆ టేబుల్ ఇప్పటికే ఈ డయాగ్రమ్ మీద ఉన్నట్టు. డీబీవర్‌లో కూడా నీకు కావలసిన టేబుళ్లతో సొంత డయాగ్రమ్ చేసుకోవచ్చు. పేర్లు మారతాయి, నడక అదే. ఎంటిటీలు, వాటి మధ్య సంబంధాలు అని ప్రపంచాన్ని గీసే ఈ పద్ధతిని పీటర్ చెన్ ప్రకటించింది 1976లో, మీ కాకతీయ యూనివర్సిటీ పుట్టిన ఏడే.

ఇన్ని సాధనాలు చెప్పాను గాని, నేను ఇప్పటికీ అన్నిటికన్నా ఎక్కువ నమ్మేది నోటుబుక్కు, పెన్సిల్. ఏ బగ్ వచ్చినా దానికి సంబంధించిన నాలుగైదు టేబుళ్లు చేత్తో గీస్తాను. కాలమ్‌లన్నీ రాయను, కలిపే కాలమ్‌లు మాత్రమే. గీత చివర ఒకటా చాలా అన్నది తప్పకుండా రాస్తాను. చేత్తో గీసేటప్పుడు “ఒక లాట్‌కు రెండు కాంటాలు ఉండొచ్చా?” అని చెయ్యి ఆగుతుంది. స్క్రోల్ చేసేటప్పుడు ఆ ఆగడం ఉండదు.

ఆ ప్రశ్నకు జవాబు ఎక్కడ దొరుకుతుందో నీకు చెప్పనా? మీ ఇంటి నుంచి ఎంతో దూరం లేని ఎనుమాముల యార్డులో. మిర్చి నడుస్తున్న రోజుల్లో ఒక పొద్దుగాల పోయి నిలబడు. బస్తాలు దిగుడు, జెండా పాట, ఖరీదుదారులు ధర పాడుడు, దడువాయి కాంటా దగ్గర నిలబడి రాసుకునుడు, అడ్తి దుకాణంలో తక్‌పట్టీ చేతికిచ్చుడు, అన్నీ వరుసగా చూడు. ఒక లాట్ ఎందుకు రెండు విడతల్లో కాంటా ఎక్కుతుందో అక్కడ హమాలీని అడిగితే ఒక్క ముక్కలో చెప్తాడు. మీ మోడల్‌లోని టేబుళ్లలో పెద్దవన్నీ ఆ యార్డులో నడిచే మనుషులు, కాగితాలే. వాటి నిజమైన వరుస ఒకసారి కళ్లతో చూసినాక డయాగ్రమ్‌లో ఏది పై చెరువో, ఏది కింది చెరువో నువ్వెవరినీ అడగనక్కర లేదు.

మీ లీడ్ సంగతి. “అన్నీ అందులనే ఉన్నయి” అన్నది ఆయన దురుసుతనం అనుకోకు. ఆయనకు ఆ దారులు అలవాటైపోయి, కొత్తవాళ్లకు ఎట్ల కనపడతాయో మరిచిపోయి ఉంటాడు. “అన్నా, మోడల్ అర్థమైతలేదు” అని అడిగితే ఆయనకు కూడా ఏం చెప్పాలో తెలియదు. నీ నాలుగు డబ్బాల డయాగ్రమ్ ముందు పెట్టి “అన్నా, లాట్ నుంచి కాంటాకు, కోతకు రెండు వైపులా చాలా ఉన్నయి, తక్‌పట్టీ క్వెరీలో రెండింటినీ కలిపిన్రు, కోత రెండింతలు అయ్యేది ఇక్కడ్నేనా?” అని అడుగు. అరగంట కూర్చుంటాడు. కూర్చోకపోతే టీమ్‌లో ఇంకొకరిని అడుగు. నాలుగు నెలల్లో అడగడం తప్పు కాదు, పది రోజులు ఒక్కదానివే మోసుడే ఎక్కువైంది.

ఉద్యోగం మానాలా అని అడిగావు. బ్యాంకు పరీక్షలు నీకు నిజంగా ఇష్టమైతే రాయి, మంచిదే. కానీ ఈ డయాగ్రమ్‌కు భయపడి మాత్రం వద్దు. 340 టేబుళ్లను ఎవరూ చెప్పకుండానే ప్రింట్ తీసి, కాగితాలు అతికించి ఇంటి గోడకు ఎక్కించిన పిల్లవు నువ్వు. ఇంత పట్టుదల ఉన్న మనిషిని నా టీమ్‌లోకి ఇస్తానంటే నేను వద్దనను.

ఆ కాగితాలు తీసెయ్యకు. ఎర్ర స్కెచ్ పెన్ను ఒకటి పక్కన పెట్టుకో. నువ్వు నిజంగా నడిచి, గీతల చివరలు చదివి, చేత్తో గీసుకున్న టేబుల్ చుట్టూ మాత్రమే ఒక సున్నా చుట్టు. మిగతా వాటి జోలికి పోకు, వాటి వంతు వచ్చినప్పుడు అవే వస్తాయి. తక్‌పట్టీ, లాట్, కాంటా, కోత: మొదటి నాలుగు సున్నాలు ఈ వారంలోనే పడతాయి. పడినాక అమ్మకు చూపించు. నాకు కూడా రాయి, ఆ రైతుల లెక్క సరి అయిందో లేదో తెలుసుకోవాలని ఉంది.